కపితాన్ గారి వేవిళ్ళు

ఫిలిప్పీన్స్‌లో శాన్ మిగెల్ అఖాతం ఒడ్డున ఒక పల్లె. ఏప్రిల్ ఎండ. చిట్టి రొయ్యల్ని ఉప్పేసి ఊరబెట్టే బాగోంగ్ జాడీల మధ్య ఇస్యాంగ్. ఎదురుగా బల్ల మీద ఊరిపెద్ద, కపితాన్ హెర్మో.

"నలభై ఒక్కమందా!"

"నలభై ఒక్కమంది, ఇస్యాంగక్కా. నేనే లెక్కపెట్టాను. నేలమీద వెల్లకిలా పడుకున్నవాడు ఇంకేం చేస్తాడు?"

"నలభై ఒక్కమంది ఆడవాళ్ళు వరసగా నిన్ను దాటారు."

"ఆడవాళ్ళు నలభైమందే. నలభై ఒకటోవాడు వలలు బాగుచేసే దొమెంగ్. బియ్యం పంచుతున్నారనుకుని లైన్లో నిలబడ్డాట్ట. నిలబడ్డందుకు వాడూ దాటాడు."

"అసలు మైకులో ఏం చెప్పావు?"

"ఉన్నదే చెప్పాను. 'గత పదిహేను రోజుల్లో కపితాన్ గారు నిద్రించుచుండగా పొరపాటున దాటిన స్త్రీ ఎవరైనా ఉన్నచో, వెంటనే పంచాయతీ హాలుకి వచ్చి తిరిగి వెనక్కి దాటవలెను. ఎవరినీ ఏమీ అడగబడదు.' అంతే."

"అంతేనా?"

"చివర్న 'నిమ్మరసం ఇవ్వబడును' అన్నాను. ఎండ కదా."

"అదీ సంగతి. నిమ్మరసం కోసం నిన్నేం ఖర్మ, ఎద్దునైనా దాటుతారు మనవాళ్ళు. మరి తగ్గిందా?"

"తగ్గితే నీ దగ్గర ఎందుకు కూర్చుంటాను? ముసలి తిబుర్సియా అయితే చేతికర్ర నా పొట్టమీద ఆనించి మరీ దాటింది. ఆ గిన్నె ఇలా తే."

"వచ్చినప్పటినించీ ఇది మూడో గిన్నె."

"నాలుగోది. నువ్వు ఉప్పు కోసం లోపలికెళ్ళినప్పుడు ఒకటి నేనే తీసుకున్నాను."

"సిగ్గులేదూ?"

"ఉంది. కానీ ఆకలి దాన్ని మించిపోతోంది."

"పుట్టి బుద్ధెరిగాక బాగోంగ్ వాసనొస్తే ముక్కు మూసుకున్నవాడివి! నా జాడీలన్నీ వంతెన అవతలికి మార్చాలని కాగితం పెట్టింది ఎవరయ్యా?"

"నేనే."

"'దుర్గంధము' అని రాశావు."

"రాశాను. ఇప్పుడది మల్లెపూల వాసనలా ఉంది. నన్నేం చెయ్యమంటావు చెప్పు. అన్నం సయించదు. ఎండుచేప కాలిస్తే కడుపులో తిప్పుతుంది. పొద్దున్న లేస్తే వాంతి. 'మింగలేక కక్కలేక' అంటారే, నాకు రెండూ అవుతున్నాయి."

"ఊరికే కూర్చుని తినడం కాదు, ఆ రొయ్యల్లో నాచూ పుల్లలూ ఏరు. చేతులున్నాయిగా. ఇంతకీ మీ ఆవిడ కొన్సింగ్ ఏమంటోంది?"

"ఏమంటుంది? ఇవాళ మైకు వినేదాకా తనకి తెలియదు. ఇన్నాళ్ళూ ఇంట్లో బయటపడకుండా హాలు వెనక కక్కాను. మైకు అయ్యాక ఇంటికెళ్ళేసరికి నా బట్టలు మూట కడుతోంది."

"కట్టదూ మరి! కడుపుతో ఉన్నది నిద్రపోతున్న మొగుణ్ణి దాటితే, దాని వేవిళ్ళు దాన్ని వదిలి మొగుడికి అంటుకుంటాయి, మళ్ళీ వెనక్కి దాటితేనే అతన్ని వదుల్తాయి. పాలుతాగే పిల్లల్ని వదిలేస్తే ఈ ఊళ్ళో అందరికీ తెలిసిన సంగతే."

"నాకూ తెలుసు."

"మొగుడికి. ఆ మాట దగ్గరే వచ్చింది చిక్కు. నీకు వేవిళ్ళు, ఇంట్లో పెళ్ళానికి కడుపు లేదు. అంటే ఎక్కడో ఎవత్తో ఉన్నట్టేగా? ఉందని నువ్వే మైకులో చెప్పుకున్నావు. ఈ ఊళ్ళో ఇంతవరకూ అంత తెలివైనవాడు పుట్టలేదు."

"మొగుడికే అంటుకోవాలని ఎక్కడుంది? దాటితే ఎవరికైనా అంటుకుంటుంది. జలుబు అంటుకోదూ?"

"అలా ఎక్కడా వినలేదు."

"ఇప్పుడు వింటున్నావుగా."

"హెర్మో, నా మొహం చూసి చెప్పు. ఎవత్తయినా ఉందా?"

"పెన్యాఫ్రాన్సియా మాత మీద ఒట్టు. ఈ కొన్సింగ్‌తోనే వేగలేక చస్తున్నాను, మళ్ళీ ఇంకోదా!"

"ఆ మాట కొన్సింగ్‌తో అన్నావా?"

"అన్నాను. అది అన్నాకే మూట కట్టడం మొదలెట్టింది."

"నిన్ను కపితాన్‌గా ఎన్నుకున్నామే, మమ్మల్ని అనాలి."

"మధ్యాహ్నం చర్చి గంట కొట్టేలోపు ఆ ఆడమనిషి పేరు తెచ్చి చెప్పాలిట. లేకపోతే మూటా నేనూ గుమ్మం బయట. ఇరవైరెండేళ్ళ కాపురం, అక్కా. నాకు తను లేకపోతే చొక్కా ఎక్కడుందో కూడా తెలీదు. నవ్వకు. నిజంగా భయంగా ఉంది నాకు."

"నవ్వట్లేదు. నన్నేం చెయ్యమంటావు?"

"ఈ ఊళ్ళో ఎవరు నెల తప్పినా నర్సమ్మ కంటే ముందు నీకు తెలుస్తుంది. ఇదిగో నేను తెచ్చుకున్నట్టే, పచ్చి మామిడికాయ కొంగులో పెట్టుకుని అందరూ నీ జాడీల దగ్గరికే వస్తారు. చెప్పు, ఇప్పుడు ఎవరెవరు వస్తున్నారు?"

"చెప్పను."

"కపితాన్‌గా అడుగుతున్నాను."

"పోపే దిగొచ్చి అడిగినా చెప్పను. ముప్ఫైయేళ్ళుగా ఈ గుమ్మంలో విన్న ముక్క నేను గుమ్మం దాటించలేదు. అందుకే వస్తారు."

"పోనీ లైన్లోకి రానివాళ్ళ పేర్లు నేను చెప్తాను. నువ్వు తలూపు."

"తల ఊపితే మెడ నొప్పి నాకు."

"అర్సేలీ టీచర్. స్కూలు మీటింగులో ఫ్యాను గాలి నేలమీదికే వస్తోందని నేను కింద నడుం వాల్చాను. సుద్దముక్క కోసం నామీంచే వెళ్ళింది."

"అర్సేలీకి రొయ్య తగిలితే ఒళ్ళంతా దద్దుర్లు. తన మొహం నా జాడీలు ఎన్నడూ చూడలేదు. తర్వాత?"

"హాల్లో గుమాస్తా పిల్ల, నిల్డా."

"దానికి పోయిన నెలే పుట్టాడు. పాలిచ్చే పిల్లకి వేవిళ్ళేంటి? తర్వాత?"

"సిస్టర్ బసీలియా."

"ఒరేయ్! కన్యాస్త్రీ!"

"మరి దాటింది! చర్చి వరండాలో పడుకున్నాను. కళ్ళారా చూశాను."

"నిద్రపోతూ కళ్ళారా చూశావా?"

"ఒక కన్ను."

"ఆవిడకి డెబ్భైరెండు, హెర్మో."

"బైబిల్లో లేవూ అలాంటివి?"

"ఉన్నాయి. వాటిల్లో కపితాన్ మాత్రం లేడు. ఈ మాట ఇంకెక్కడైనా అన్నావో, ఫాదర్ నిన్ను బాప్తిస్మం తొట్టిలో ముంచి పైకి తియ్యడు. అసలు నువ్వు ఊళ్ళో పడుకోని చోటు ఉందా?"

"వేసవి. కళ్ళు మూసుకుపోతాయి."

"వేసవి కాదు, పదవి. సరే, ఇంకెవరు మిగిలారు లిస్టులో?"

"నువ్వు."

"నేనా!"

"నువ్వూ రాలేదు కదా లైన్లోకి. ఆమధ్య ఓరోజు ఇదే బల్లమీద నేను కునుకు తీశాను."

"ఓరి నీ దుంపతెగ! నాకు అరవైయొకటి. నా మొగుడు పోయి పదకొండేళ్ళు. బల్లమీద పడుకున్నవాణ్ణి దాటాలంటే ముందు నాకు మోకాళ్ళుండాలి. మోకాళ్ళే ఉంటే నిన్ను దాటడమెందుకు, తన్నేదాన్ని."

"కోప్పడకు. అన్నీ చూసుకోవాలి కదా అని. నా బాధలో నేనున్నాను."

"కొన్సింగ్ సంగతి ఆలోచించావా?"

"ఏం సంగతి?"

"అదే. తనేమైనా..."

"ఆ మాట ఎత్తకు."

"ఊరికే అడిగా."

"ఎత్తకన్నానా. నలభైమూడేళ్ళు తనకి. రెండుసార్లు చూశాం, చాలు. రెండుసార్లూ మూడో నెలలోనే పోయింది. మొదటిసారి ఉయ్యాల గుడ్డ కూడా కుట్టుకుంది. రెండోసారి ఏమీ కుట్టలేదు. నాకు చెప్పను కూడా చెప్పలేదు, పోయాకే తెలిసింది. ముందే ఆనందపడితే దిష్టి తగులుతుందని దాచిందిట. ఒక్కతే దాచుకుని, ఒక్కతే ఏడ్చింది. ఆ తర్వాత మా ఇద్దరిలో ఎవరమూ ఆ ఊసెత్తలేదు. నువ్వూ ఎత్తకు."

"సరే. ఎత్తను. ఏడవకు, రొయ్యల్లో పడతాయి. ఉప్పు ఇప్పటికే సరిపోయింది."

"ఏడవట్లేదు. పులుపుకి కళ్ళు చెమరుస్తాయి."

"ఇదిగో, ఇది తిను. పెద్ద జాడీలోది. తొమ్మిది నెలలు ఊరింది. మనీలానించి వచ్చి మరీ పట్టుకుపోతారు."

"అది వద్దు."

"ఏం?"

"అది కాదు నాకు కావలసింది. కిటికీ కింద ఒక చిన్న జాడీ ఉంది చూడు, కొబ్బరిచిప్ప మూతది. అందులోది పెట్టు. పైది కాదు, అడుగుది. వెల్లుల్లి వెయ్యొద్దు. వెనిగర్ వద్దు. చక్కెర ఊసే వద్దు. గరిటెతో తియ్యకు, చేత్తో తియ్యి."

"ఏమన్నావు?"

"చేత్తో తియ్యమన్నాను. కడుక్కుని."

"ఆ మామిడికాయ ఇలా చూపించు. ఎలాంటిది తెచ్చావు?"

"లేతది. టెంక ఇంకా ముదరకూడదు, తెల్లగా ఉండి కత్తికి తెగాలి. తొక్క తియ్యకూడదు. ఎందుకలా చూస్తున్నావు?"

"ఇవన్నీ నీకెవరు చెప్పారు?"

"ఎవరూ చెప్పలేదు. నోరు చెప్తోంది. నాక్కూడా వింతగానే ఉంది. ఇన్నేళ్ళలో ఆ జాడీ అక్కడుందని కూడా నాకు తెలీదు."

"ఎవరికీ తెలీదు. ఉప్పు తగ్గించి, పెద్ద సీజను రాకముందే, నేను ఒక్క మనిషి కోసం విడిగా పెట్టిన జాడీ అది. ఆ మనిషి తప్ప ఇంకెవరూ అందులోది తినలేదు. నువ్వు చెప్పావే, అడుగుది, వెల్లుల్లి లేకుండా, చేత్తో, తొక్క తియ్యకుండా... అచ్చం అలాగే అడిగేది. పొల్లు పోకుండా."

"ఎవరు? ఎవరక్కా? దొరికింది! ఎవరది?"

"ఆగు. ముందు నువ్వు చెప్పు. నీకు ఎప్పుడు మొదలైంది?"

"పోయిన శుక్రవారం ముందు శుక్రవారం. మధ్యాహ్నం."

"శుక్రవారమే? గురువారం కాదుగా?"

"శుక్రవారమే. ఉదయం ఎండుచేప నాలుగు ముక్కలు తిన్నాను, ఏమీ లేదు. మధ్యాహ్నం కునుకు తీసి లేచానా, లేచీ లేవగానే కడుపులో సముద్రం తిరిగింది. ఎందుకూ?"

"ఆవిడ చివరిసారి వచ్చింది గురువారం. అంతకుముందు ఐదు వారాలు ఒక్కరోజు మానలేదు. శుక్రవారం నించి పత్తా లేదు. నేనే పెరటిదారిన వెళ్ళి అడిగితే 'ఇంక అక్కర్లేదక్కా' అని తలుపేసుకుంది."

"ఎవరి తలుపు?"

"అయ్యో. అయ్యో పిచ్చితల్లీ!"

"ఎవరు పిచ్చితల్లి? చెప్పవేం?"

"హెర్మో, నువ్వు వెంటనే వెళ్ళి కొన్సింగ్‌ని తీసుకురా."

"కొన్సింగ్ ముందు చెప్తావా ఆ పేరు! ఇంకేమైనా ఉందా? తను ఆవిణ్ణి జుట్టు పట్టుకుని సముద్రందాకా లాక్కెళ్తుంది. ముందు నాకు చెప్పు. గుట్టుగా వెళ్తాను, గుమ్మంలో పడుకుంటాను, ఒక్కసారి వెనక్కి దాటమంటాను, వచ్చేస్తాను."

"ఒట్టేశాను. ఆవిడే చెప్పాలి. నువ్వు పో, తీసుకురా."

"నేను వెళ్తే మూటతోనే కొడుతుంది."

"కొట్టించుకునే రా."

"అక్కర్లేదులే, అక్కా. నేనే వచ్చాను."

"కొన్సింగ్!"

"అనుకున్నాను ఇక్కడే ఉంటాడని. ఇదిగో మూట. నాలుగు చొక్కాలు, రెండు లుంగీలు. షేవింగు బ్రష్షు అడుగున పెట్టాను. మైకు కూడా తెద్దామనుకున్నాను, బరువుందని మానేశాను."

"కొన్సింగ్, గంట ఇంకా కొట్టలేదు!"

"కొట్టేదాకా ఇంట్లో కూర్చోలేకపోయాను. అరుగుమీద కూర్చుంటే వచ్చేపోయే ప్రతీదీ 'నేనూ మీ ఆయన్ని దాటానండీ' అని చెప్పి నవ్వుకుంటూ పోతోంది. పేరు దొరికిందా?"

"దొరికింది. అంటే దొరికినట్టే. ఇస్యాంగక్కకి తెలుసు. చెప్పట్లేదు."

"ఇస్యాంగక్కకా? ఏం చెప్పావు అక్కా ఈయనకి? ఏం చెప్పావు? నాకు ఒట్టేశావు నువ్వు!"

"ఒట్టా? నీకెందుకు ఒట్టేసింది?"

"నువ్వు నోర్మూసుకో. అక్కా!"

"నేను ఒక్క ముక్క చెప్పలేదే, కొన్సింగ్. అతనే చెప్పాడు. కిటికీ కింద చిన్న జాడీ. అడుగుది. వెల్లుల్లి లేకుండా. చేత్తో తియ్యాలిట."

"ఎవరు చెప్పింది?"

"నీ మొగుడు."

"ఈయనకి బాగోంగ్ వాసనే గిట్టదు. నేను తింటే పక్క గదిలో పడుకునేవాడు."

"ఆ పళ్ళెం చూడు. తొక్కతో సహా తిన్నాడు."

"నేను చేసిన తప్పేంటి, కొన్సింగ్? ఆకలేసింది, తిన్నాను. ఎవత్తో దాటింది. నేను పిలిచి దాటమనలేదు. అదెవరో కూడా నాకు తెలీదు."

"నీకేం తెలుస్తుంది. నీకు ఇంకోచోట పండింది. ఇన్ని రోజులు నేను ఇంట్లో మూల కూర్చుని... పోనీలే. చెప్పి ఏం లాభం."

"ఏమైంది ఇంట్లో? కొన్సింగ్, నాకు ఎవత్తీ లేదే. ఎలా చెప్తే నమ్ముతావు?"

"కొన్సింగ్, కోపం కాసేపు ఆ మూటలో పెట్టి, ఎప్పటినించి ఇతనికిది మొదలైందో అడుగు."

"నాకెందుకక్కా అది?"

"నా మాట విని అడుగు."

"ఎప్పటినించి?"

"ఆ శుక్రవారం నించి."

"ఏ శుక్రవారం?"

"నువ్వు పెరట్లో కొబ్బరి కోరుతూ కోరుతూ, మధ్యలో పళ్ళెం వదిలేసి ఎటో వెళ్ళిపోయావే, కోళ్ళు తినేశాయి. ఆ శుక్రవారం. మధ్యాహ్నం కునుకు తీసి లేచాను, కక్కాను."

"ఎక్కడ పడుకున్నావు ఆవేళ?"

"ఇంట్లోనే. వెనక గుమ్మంలో, గాలొస్తుందని, గడపకి అడ్డంగా."

"అడ్డంగా."

"అడ్డంగానే. ఏం, అదీ తప్పేనా?"

"మళ్ళీ చెప్పు. లేవగానేనా?"

"లేవగానే. ఎన్నిసార్లు చెప్పించుకుంటారు మీరిద్దరూ?"

"ఇవాళ కక్కావా?"

"మూడుసార్లు."

"నిజంగానా? నన్ను నమ్మించడానికి కాదుగా?"

"వాంతులు నటించేవాళ్ళుంటారా? పొద్దున్న రెండు, ఆ నలభై ఒక్కమంది దాటాక ఒకటి."

"నిన్న?"

"నిన్నా అంతే. మొన్నా అంతే. ఒక్కరోజు తప్పలేదు. ఏమైంది? కొన్సింగ్, ఏడుస్తున్నావేంటి? అక్కా, ఏడుస్తోంది చూడు. అంత పెద్ద తప్పేం చేశాను? ఎవత్తీ లేదంటే నమ్మవేమే!"

"ఉంది."

"లేదంటుంటే!"

"ఉంది, హెర్మో. నాకూ ఇప్పుడే గుర్తొచ్చింది. ఆవేళ కడుపులో తిప్పి, కొబ్బరి వదిలేసి లోపలికి పరిగెత్తాను. గుమ్మంలో నువ్వు అడ్డం ఉన్నావు. నిన్ను దాటింది నేనే."

"నువ్వా? అంటే... కడుపుతో ఉన్న ఆడది... అంటే నువ్వు... కొన్సింగ్! నాకు చెప్పవేం? ఈసారి కూడా దాచావా?"

"దాచాను."

"అయితే ఇంకేం, గొడవే లేదు! ఇదిగో పడుకుంటున్నాను. వెనక్కి దాటు. అక్కా, ఆ రొయ్యల బుట్ట కాస్త జరుపు. దాటు, కొన్సింగ్, ఒక్క అడుగు, తేలిగ్గా అయిపోతుంది."

"దాటను. లే."

"ఎందుకు దాటవు? నేనిక్కడ కక్కి కక్కి చస్తున్నానే!"

"ముందు రెండుసార్లూ నాకు వాంతులు ఆగిపోయిన వారానికే బిడ్డ పోయింది. ఆ శుక్రవారం మళ్ళీ ఆగిపోయాయి, ఇదీ పోయిందనుకుని అప్పటినించీ రోజూ ఏడుస్తున్నాను. పద ఇంటికి, హాలు వెనక కాదు, ఇంట్లోనే కక్కు. రోజూ కక్కు, హెర్మో. నాకు వినపడేలా కక్కు."